రెండవ నెల పస్కా

ధ్యాన భాగములు: 2 దినవృత్తాంతములు 30వ అధ్యాయము, సంఖ్యాకాండము 9:1–14

సంవత్సరాంతమున క్రొత్త క్యాలెండరు ఇంటికి వచ్చినప్పుడు క్రైస్తవ గృహములలో తప్పక జరుగు పని ఒకటి కలదు. దానిని గోడకు తగిలింపకముందే ఇంటి పెద్ద మార్చి, ఏప్రిల్ నెలల కాగితములు త్రిప్పి చూచును. క్రిస్మసును వెదకనక్కరలేదు, అది డిసెంబరు 25ను విడిచి ఎక్కడికిని పోదు. వెదకవలసినది శుభ శుక్రవారమును, దాని వెంట వచ్చు పునరుత్థాన దినమును. శుభ శుక్రవారము 2025లో ఏప్రిల్ 18న వచ్చినది. 2026లో దాని తేదీ ఏప్రిల్ 3; 2027లో మార్చి 26; 2038లో ఏప్రిల్ 23 వరకు పోవును. ప్రక్కన నిలిచిన పిల్లవాడు అడుగును: "యేసు ప్రభువు పుట్టినరోజు మారదు గదా, మరి చనిపోయిన రోజు ఏటేటా ఎందుకు మారుతుంది?"

"చంద్రుని బట్టి మారును" అని పెద్దలు చెప్పి ఊరకుందురు. ఆ జవాబు తప్పు కాదు గాని అది సగము జవాబే. ఇందులో విచిత్రమేమనగా, కదలని తేదీకి లేఖనములో ఆధారము లేదు. కదలు తేదీకే ఆధారము కలదు. ప్రభువు ఏ నెలలో ఏ దినమున జన్మించెనో సువార్తికులలో ఎవరును వ్రాయలేదు. ఆయన మరణ పునరుత్థానములనైతే నలుగురును పస్కా పండుగతో ముడివేసి చెప్పిరి. పస్కా ఎప్పుడో తెలిసినవానికి సిలువ ఎప్పుడో తెలియును.

పస్కా దినము మోషే నిర్ణయించినది కాదు, దేవుడే నియమించెను. మొదటి నెల పదునాలుగవ దినమున సాయంకాలమందు గొఱ్ఱెపిల్లను వధింపవలెనని నిర్గమకాండము 12వ అధ్యాయము తెలుపుచున్నది. ఆ నెలకు అబీబు అని పేరు. చెరనుండి తిరిగి వచ్చిన తరువాత నీసాను అను పేరు వాడుకలోనికి వచ్చెను. ఇశ్రాయేలీయుల నెల నెలవంకతో ఆరంభమగును గనుక పదునాలుగవ నాటి రాత్రికి చంద్రుడు నిండుగా ఉండును. చైత్ర శుద్ధ పాడ్యమినాడు ఉగాది వచ్చుటను ఎరిగిన తెలుగువారికి ఈ విధమైన లెక్క క్రొత్తది కాదు. ఇశ్రాయేలీయులు ఐగుప్తును విడిచినది నిండు వెన్నెల రాత్రి. గెత్సేమనే తోటలో ప్రభువు ప్రార్థించినదియు అట్టి దినములలోనే. ఆయనను పట్టుకొన వచ్చినవారు దీపములతోను దివిటీలతోను వచ్చిరని యోహాను వ్రాయుచున్నాడు (18:3). పున్నమి కాలమున దివిటీలు పట్టుకొని లోకమునకు వెలుగైనవానిని వెదకిరి!

అయితే ప్రభువు లేచినది ఆదివారమున. ఇక్కడనే లెక్క చిక్కుపడినది. వసంత ఋతువు సూర్యునిది, పున్నమి చంద్రునిది, ఆదివారము సృష్టి వారమునుబట్టి వచ్చినది. ఈ మూడు కొలతలలో ఒకటియు మరియొక దానిలో సరిగా ఇమడదు. సూర్యుని సంవత్సరము 365 దినములకు మించి పావు దినముకంటె కొంచెము తక్కువ. చాంద్రమాన మాసము ఇరువది తొమ్మిదిన్నర దినములకు కొంచెము ఎక్కువ. అట్టి పండ్రెండు నెలలకు 354 దినములే అగును. అనగా ఏటికి పదకొండు దినములు వెనుకబడును. దానిని అట్లే విడిచిపెట్టినయెడల పస్కా కొన్ని ఏండ్లలో చలికాలమునకు జరిగిపోవును. అబీబు నెలలోనే పస్కా ఆచరింపవలెనని ద్వితీయోపదేశకాండము 16:1 ఆజ్ఞాపించుచున్నది. యవల పంట పక్వమగు కాలమది. పంటలోని మొదటి పనను యాజకుడు యెహోవా సన్నిధిని అల్లాడింపవలసిన వారము కూడ అదే (లేవీయకాండము 23:10, 11). కాబట్టి యూదులు కొన్ని సంవత్సరములలో పదుమూడవ నెలను చేర్చిరి. తెలుగు పంచాంగములో అధిక మాసము వచ్చుటకును కారణమిదియే.

ఈ సూర్యచంద్రులకు పొత్తు కుదుర్చు సంఖ్య ఒకటి కలదు. పందొమ్మిది సూర్య సంవత్సరములును రెండు వందల ముప్పది యైదు చాంద్రమాసములును దాదాపు సమానములు. వాటి నడుమ భేదము రెండు గంటలకు కొంచెము ఎక్కువ మాత్రమే. క్రీస్తు పూర్వము 5వ శతాబ్దమున ఏథెన్సులో మేటన్ అను జ్యోతిశ్శాస్త్రజ్ఞుడు దీనిని ప్రకటించెను. బబులోనువారును దీని నెరుగుదురు. 19 సంవత్సరములకు ఏడు అధిక మాసములు చేర్చినయెడల లెక్క సరిపోవును. పగటిని రాత్రిని ఏలుటకు రెండు గొప్ప జ్యోతులను ఉంచిన దేవుడు వాటికి చేసిన కట్టడ ఇట్టిది. దానిని మొదట గమనించినవారు అన్యులు. సంఘము దానిని వారియొద్దనుండి నేర్చుకొనుటకు సిగ్గుపడలేదు.

సంఘపు నియమము ఇది: మార్చి 21ననైనను దాని తరువాతనైనను వచ్చు మొదటి పున్నమి పస్కా పున్నమి, ఆ పున్నమి తరువాతి ఆదివారము పునరుత్థాన దినము. ఏ సంవత్సరపు పున్నమియైనను కనుగొనుటకు ఆ సంవత్సరమును 19చే భాగించి, శేషమునకు ఒకటి కలుపుదురు. దానికి సువర్ణ సంఖ్య అని పేరు. 2026ను 19చే భాగించినయెడల శేషము 12, సువర్ణ సంఖ్య 13. పట్టికలో 13కు ఎదురుగా ఏప్రిల్ 2 అని ఉన్నది. అది గురువారము, దాని తరువాతి ఆదివారము ఏప్రిల్ 5. మరుసటి ఏట పున్నమి పదకొండు దినములు వెనుకకు జరిగి మార్చి 22 అగును. 2027లో అది సోమవారము, గనుక పండుగ మార్చి 28న. ఆ పై ఏట మరల పదకొండు దినములు వెనుకకు పోయినయెడల మార్చి 11 అగును. అది మార్చి 21కి ముందున్నది. అట్టి పున్నమి పస్కాకు చెల్లదు. కాబట్టి ఒక నెల ముందుకు జరిపి 2028లో ఏప్రిల్ 10ని గైకొందురు. పండుగ ఏప్రిల్ 16న. పున్నమియే ఆదివారమున వచ్చినయెడల పండుగను మరుసటి ఆదివారమునకు ఉంచుదురు. 2025లో ఏప్రిల్ 13 అట్టిదే గనుక పండుగ 20వ తేదీకి వచ్చెను. ఎంత ముందుగా వచ్చినను మార్చి 22కు ముందు రాదు. ఎంత ఆలస్యమైనను ఏప్రిల్ 25ను దాటదు. భస్మ బుధవారము, మట్టలాదివారము, ఆరోహణ దినము, పెంతెకొస్తు మొదలైనవన్నియు ఈ ఒక్క దినమును పట్టుకొని ముందుకో వెనుకకో నడచును.

ఈ పున్నమి ఆకాశములోని పున్నమి కాదు, పట్టికలోని పున్నమి. 2019వ సంవత్సరము దానికి సాక్ష్యము. ఆ ఏట వసంతమున పగలును రాత్రియు సమానమగు సమయము గడచిన కొలది గంటలకే, మార్చి 21న, ఆకాశమందు ఫాల్గుణ పౌర్ణమి నిండెను. ఆకాశమునే నమ్మినయెడల పండుగ మార్చి 24న జరుగవలసియుండెను. పట్టికలోనైతే ఆ పున్నమి మార్చి 20న ఉన్నది, అనగా ఒక్క దినము ముందు. గనుక తరువాతి పున్నమియైన ఏప్రిల్ 18ని గైకొని లోకమందలి అనేక సంఘములు ఏప్రిల్ 21న పండుగ చేసికొనెను. పరలోకమందు ఎవరును దానిని లెక్కించి తప్పు పట్టియుండరు.

మరి ఆకాశము కనబడుచుండగా పట్టిక యేల? దూరప్రాంతపు సంఘము కూడ ముందుగానే తెలిసికొని సిద్ధపడుటకే. ఒక ఊరిలో మబ్బు పట్టినను, వేరొక ఊరిలో రేఖాంశము మారినను పండుగ చెదరిపోకూడదు. పూర్వము నక్షత్ర గణితమునకు పేరుపొందిన పట్టణము ఐగుప్తులోని అలెక్సంద్రియ. ఆ పట్టణపు అధ్యక్షుడు ఏటేట సంఘములకు లేఖ వ్రాసి, ఉపవాసము ఎన్నడు ఆరంభమగునో పండుగ ఎన్నడు వచ్చునో తెలుపుచు దానితోపాటు హితబోధ చేయుట ఆచారమాయెను. 328 మొదలు 373 వరకు అధ్యక్షుడుగా ఉండిన అథనాసియస్ అయిదుసార్లు దేశబహిష్కృతుడైనను, పరదేశమునుండియు ఆ లేఖలు వ్రాయుటకు యత్నించెను. వాటిలో అనేకములు సిరియ భాషలో నేటికిని నిలిచియున్నవి. ఒక తేదీని తెలుపుటకు అంత ప్రయాస యేల అని ఎవరైన అడుగవచ్చును. కాపరి తనయొద్ద లేకపోయినను తానొక మందలోనే ఉన్నానని ప్రతి గొఱ్ఱె తెలిసికొనుటకు ఆ తేదీ చాలియుండెను.

ఈ మేలు ఒకవైపు. దీనివలన కలిగిన కీడు మరియొకవైపు. సంఘ చరిత్రలో విశ్వాసమునుగూర్చి కలిగిన కలహములు అనేకములు గలవు. ఈ తేదీని గూర్చిన కలహము వాటికి తీసిపోయినది కాదు.

రెండవ శతాబ్దమున ఆసియ సంఘములు వారమును లెక్కింపక, నీసాను పదునాలుగవ దినము ఏ వారమున వచ్చినను ఆనాడే పండుగ ఆచరించుచుండెను. అపొస్తలుడైన యోహానునొద్దనుండి తాము ఈ వాడుకను పొందితిమని వారనిరి. రోమా సంఘము ఆదివారమునే ఆచరించెను. సుమారు 155లో స్ముర్న సంఘాధ్యక్షుడైన పొలికార్పు, వృద్ధుడై, రోమాకు ప్రయాణమై వెళ్లి అక్కడి అధ్యక్షుడైన అనికేతుతో ఈ సంగతి మాటలాడెను. ఒకరిని ఒకరు ఒప్పింపలేకపోయిరి. యోహానుతో కూడ తాను ఆచరించినదానిని పొలికార్పు విడువలేకపోయెను. తన పూర్వికులు ఆచరించినదానిని అనికేతు విడువలేకపోయెను. అంతట అనికేతు చేసిన పని గమనింపదగినది. తన సంఘములో ప్రభువు బల్లయొద్ద తన స్థానమును పొలికార్పునకు ఇచ్చి ఆయనచేతనే రొట్టె విరిపించెను. వారు సమాధానముతో విడిపోయిరి. కొద్దికాలమునకే పొలికార్పు స్ముర్నలో అగ్నిలో హతసాక్షి ఆయెను.

ఇది జరిగి నలువది ఏండ్లు నిండకముందే రోమాలో విక్టర్ అధ్యక్షుడాయెను. అతడు తేదీ విషయములో లొంగని ఆసియ సంఘములన్నిటిని సహవాసమునుండి వెలివేయ బూనెను. ఎఫెసు అధ్యక్షుడైన పొలిక్రటేసు, తాను ప్రభువునందు అరువది యైదేండ్లవాడనని, బెదరింపులకు భయపడనని ప్రత్యుత్తరమిచ్చెను. అప్పుడు గాలు దేశమునందలి లయాను పట్టణమునుండి ఐరేనియస్ విక్టరుకు ఉత్తరము వ్రాసి గద్దించెను. తాను ఆదివారము ఆచరించువాడై యుండియు, పదునాలుగవ దినమువారి పక్షముగా మాటలాడి, అనికేతు పొలికార్పుల బల్లను జ్ఞాపకము చేసెను. ఐరేనియస్ అను పేరునకు సమాధానపరుడని అర్థము. అతడు పేరుకు తగినవాడని యూసేబియస్ తన సంఘ చరిత్రలో వ్రాసెను. పక్షము తనదైనను ప్రేమను విడువనివాడే మధ్యవర్తిగా నిలువగలడు.

325లో నైసియాలో కూడిన మహాసభ సంఘములన్నియు ఒకే దినమున పండుగ ఆచరింపవలెనని తీర్మానించెను. అది మేలైన తీర్మానమే. కాని దానిని సంఘములకు తెలుపుచు కాన్‌స్టంటైన్ చక్రవర్తి వ్రాసిన లేఖలో యూదులనుగూర్చి మిక్కిలి ద్వేషపూరితమైన మాటలున్నవి; వారి లెక్కను అనుసరించుట సిగ్గుచేటని అతడు వాదించెను. గొఱ్ఱెపిల్లయు యూదులదే, పదునాలుగవ దినమును యూదులదే, ప్రభువును శరీరమునుబట్టి యూదుడే. అంటుకట్టబడిన కొమ్మ వేరుమీద అతిశయింపరాదని పౌలు రోమీయులకు వ్రాసిన హెచ్చరికను (11:18) ఆ లేఖ మరచెను. ఆ ద్వేషము తరువాతి శతాబ్దములలో ఎట్టి ఫలములు ఫలించెనో లోకమెరుగును. ఐక్యత కొరకు నిర్ణయించిన దినములోనే వేరొక ప్రజను త్రోసివేయు విత్తనము పడెను.

డయోనీసియస్ అను సన్యాసి 525లో రోమాలో పండుగ తేదీల పట్టికను సిద్ధపరచెను. ఆ పట్టికలోనే అతడు సంవత్సరములను క్రీస్తు జననమునుండి లెక్కించెను. నేడు ప్రతి క్యాలెండరు పైభాగమున అచ్చగు సంవత్సర సంఖ్య పండుగ తేదీ కొరకైన ఆ పనినుండి పుట్టినదే.

ఇంగ్లాండు ఉత్తరభాగమున ఓస్వియు అను రాజు అయోనా సన్యాసులయొద్ద విశ్వాసము నేర్చినవాడు. రాణియైన ఈన్‌ఫ్లాడ్ కెంటులో రోమా ఆచారమున పెరిగినది. బీడ్ అను చరిత్రకారుడు వ్రాసినదానినిబట్టి, కొన్ని ఏండ్లలో రాజు ఉపవాసము ముగించి పునరుత్థాన విందులో కూర్చుండగా, అదే నగరిలో రాణియు ఆమె పరివారమును ఇంకను ఉపవాసముండి మట్టలాదివారము ఆచరించుచుండిరి. ఒక బల్లమీద మాంసము, ఒక బల్లమీద ఎండు రొట్టె; ప్రభువు ఒక్కడే. 664లో హిల్డా కాపరిత్వము క్రింద నున్న విట్బీ మఠములో సభ కూడి రోమా లెక్కకు తీర్పు చెప్పెను. ఓడిపోయిన కోల్మన్ అధ్యక్షుడు తనవారితో లిండిస్‌ఫార్న్‌ను విడిచి వెళ్లిపోయెను. వారు విడిచిన స్థలమున గుడిగాక బహు కొద్ది ఇండ్లు మాత్రమే ఉండెననియు, పశువులు తప్ప ధనమేమియు వారికి లేకపోయెననియు బీడ్ వ్రాసెను. లెక్కలో బీడ్ వారికి విరోధి. అయినను వారి బీదరికమును, భక్తిని దాచలేదు. లెక్క సరియైనవారి చరిత్రలో లెక్క తప్పినవారి పరిశుద్ధత ఇట్లు నిలిచిపోయెను.

ప్రొటెస్టంటు సంఘములు ఈ విషయములో తాము నిర్దోషులమని చెప్పుకొనలేవు. పూర్వపు సంవత్సర గణనలో ఏటికి పదకొండు నిమిషముల దోషముండి, వసంత సమదినము పదునారవ శతాబ్దమునకు మార్చి 11 వరకు వెనుకకు జరిగియుండెను. దానిని దిద్దుటకు పోపు గ్రెగరీ 1582లో అక్టోబరు 4 మరునాటిని 15గా లెక్కింప ఆజ్ఞాపించెను. గణితము సరియైనదే, అయితే పోపునొద్దనుండి వచ్చినది గనుక ప్రొటెస్టంటులు త్రోసివేసిరి. ఆగ్స్‌బర్గు పట్టణములో 1584లో లూథరన్ బోధకుని వెళ్లగొట్టబోగా అల్లరి చెలరేగెను. జర్మను ప్రొటెస్టంటులు 1700లో తేదీలను దిద్దుకొనియు, పున్నమిని మాత్రము స్వంత నక్షత్ర గణితముచే కనుగొందుమనిరి. అందుచేత 1724లోను 1744లోను ఒకే దేశములో ఇరుపక్షములకు వారము భేదముతో పండుగ వచ్చెను. ఇంగ్లాండు 1752లో సెప్టెంబరు 2 మరునాటిని 14గా చేసి సరిదిద్దుకొనెను. సత్యమును విరోధి చెప్పినప్పుడు ఒప్పుకొనుటకు ఇంగ్లాండుకు నూట డెబ్బది ఏండ్లు పట్టినది.

లేఖనములో పండుగ తేదీని మార్చిన రాజులు ఇద్దరు గలరు. మొదటివాడు యరొబాము. ప్రజలు యెరూషలేములో బలి అర్పింప వెళ్లినయెడల వారి హృదయము యూదా రాజు తట్టు తిరుగునని అతడు భయపడి, బేతేలులోను దానులోను దూడలను నిలిపెను. యూదాలో ఏడవ నెల పదునైదవ దినమున జరుగు పండుగకు ప్రతిగా ఎనిమిదవ నెల పదునైదవ దినమున పండుగ నియమించెను. ఆ నెలను అతడు తన మనస్సులో కల్పించుకొనెనని 1 రాజులు 12:33 తెలుపుచున్నది. సహోదరులు కలియకుండుటకు నెల మార్చినవాడతడు.

రెండవవాడు హిజ్కియా. అతని తండ్రి మూసివేసిన మందిరపు తలుపులు తెరచి, మొదటి నెల మొదటి దినమున శుద్ధీకరణ ఆరంభించిరి. ఆ పని పదునారవ దినమున ముగిసెను (2 దినవృత్తాంతములు 29:17). పస్కా పదునాలుగవ దినమున. రెండు దినములు గడచిపోయెను! యాజకులు చాలినంతమంది ప్రతిష్ఠించుకొనలేదు. ప్రజలును కూడి రాలేదు. మరుసటి ఏటివరకు ఆగుదమని హిజ్కియా చెప్పియుండవచ్చును. ధర్మశాస్త్రమును మీరనివాడని మెప్పును పొందియుండవచ్చును. అతడైతే పెద్దలతో ఆలోచించి రెండవ నెలలో పస్కా చేయ నిశ్చయించెను. బేర్షెబా మొదలుకొని దానువరకు అంచెవాండ్రను పంపెను. శత్రురాజ్యమైన ఉత్తర గోత్రములను కూడ పిలిచెను. అనేకులు అంచెవాండ్రను ఎగతాళి చేసిరి. అయితే ఆషేరు, మనష్షే, జెబూలూను గోత్రములలో కొందరు తగ్గించుకొని వచ్చిరి. వచ్చినవారిలో అనేకులు శుద్ధిచేసికొనక, వ్రాయబడిన విధమునకు వేరుగా పస్కా భుజించిరి. నెలయు తప్పెను, విధియు తప్పెను. హిజ్కియా వారిని బల్లయొద్దనుండి లేపలేదు, వారికొరకు ప్రార్థించెను. యెహోవా ఆ ప్రార్థన ఆలకించి జనులను స్వస్థపరచెను. ఏడు దినములు చాలక, వారు మరి ఏడు దినములు పండుగ ఆచరించిరి. సొలొమోను కాలము మొదలుకొని యెరూషలేములో అట్టి సంతోషము జరిగియుండలేదు.

హిజ్కియా దీనిని తన మనస్సులో కల్పించుకొనలేదు. సీనాయి అరణ్యములో, శవమును ముట్టినందున పస్కా తప్పిపోయిన కొందరు మోషే యొద్దకు వచ్చి తమకు మాత్రము పాలులేకపోవుట ఎందుకని మొరపెట్టిరి (సంఖ్యాకాండము 9:6, 7). మోషే ఆకాశము తట్టు చూచి లెక్కలు వేయలేదు. దేవునినే అడుగుదునని వారిని నిలువుమనెను. అపవిత్రుడైనవాడును, దూర ప్రయాణములో నున్నవాడును రెండవ నెల పదునాలుగవ దినమున పస్కా ఆచరింపవచ్చునని దేవుడు సెలవిచ్చెను. శుద్ధుడై, ఇంటనే ఉండి, ఆచరింపక మానినవానికి మాత్రము క్షమాపణ చెప్పలేదు. తేదీ తప్పినవానికి ద్వారము తెరచిన దేవుడు, తేదీ తెలిసి నిర్లక్ష్యము చేసినవానికి దానిని మూసెను.

నేటికిని ఈ సంగతి ముగియలేదు. తూర్పు సనాతన సంఘములలో అనేకము పూర్వపు గణననే అనుసరించుచున్నవి. వారి మార్చి 21 ఇప్పుడు ఏప్రిల్ 3న వచ్చును. నైసియా సభకు 1700 ఏండ్లు నిండిన 2025లో ఇరువురి పండుగయు ఏప్రిల్ 20న ఒకటిగా వచ్చినది. 2027లోనైతే ఒకరికి మార్చి 28న, ఒకరికి మే 2న. అయిదు వారముల దూరము. బ్రిటిషు పార్లమెంటు 1928లో ఏప్రిల్ రెండవ శనివారము మరునాటిని స్థిరదినముగా చేయుచు చట్టము చేసెను గాని అది ఎన్నడును అమలునకు రాలేదు. సంఘముల ప్రపంచ సమితి తరపున 1997లో సిరియాలోని అలెప్పోలో కూడినవారు, యెరూషలేము రేఖాంశమునుబట్టి నిజమైన పున్నమినే అందరును గైకొందురుగాక అని సూచించిరి. ఆ సూచన కాగితముమీదనే నిలిచినది. పండితులకు గణితము ఎన్నడును అడ్డము కాలేదు. ముందుగా మారవలసినది ఎవరు అను ప్రశ్నయే అడ్డము.

ఇది దూరదేశపు సంగతియని తెలుగు విశ్వాసి తలంపనక్కరలేదు. గుంటూరు ప్రాంతపు లూథరన్ ఇంటికి గోదావరి తీరపు బ్రదరన్ సహవాసమునుండి కోడలు వచ్చినదనుకొందము. అత్తగారు నలువది దినములు శ్రమదినములు పాటించి మాంసము ముట్టదు. కోడలు ప్రతి ఆదివారమును ప్రభువు మరణమును ప్రచురించు రొట్టె విరచుచుండగా ఏటికొక దినమును ప్రత్యేకించుట యేల అనును. అత్తగారు కోడలిని భక్తిలేనిదనుట, కోడలు అత్తగారిని ఆచారపరురాలనుట ఎంత సులభము! ఓస్వియు నగరిలోని రెండు బల్లలు అట్టి ఇంటిలోను వేయబడును. దినమును లక్ష్యపెట్టువాడు ప్రభువు కొరకే లక్ష్యపెట్టునని పౌలు రోమీయులకు వ్రాయుచు (14:5, 6), ఎవని మనస్సులో వాడు నిశ్చయము కలిగియుండవలెననెను గాని, ఎదుటివాని మనస్సును నిశ్చయింపుమనలేదు. పండుగయైనను అమావాస్యయైనను రాబోవువాటి ఛాయయే అనియు, నిజస్వరూపము క్రీస్తునందున్నదనియు కొలొస్సయులకు వ్రాసెను (2:16, 17). అనికేతు తన స్థానము పొలికార్పునకు ఇచ్చినట్లు, శ్రమదినముల శుక్రవారమున అత్తగారు ప్రార్థన నడుపుమని కోడలిని అడిగినయెడల, ఆ ఇంటి క్యాలెండరులో ఏ తేదీ ఉన్నను చాలును.

దూర ప్రయాణములో నున్నవారు ఇప్పుడును గలరు. కడప, గోదావరి జిల్లాలనుండి కువైటునకు ఇంటిపనికి వెళ్లిన స్త్రీలు అనేకులు. అక్కడ వారపు సెలవు శుక్రవారము. ఆదివారము పని దినము. సంఘములు సామాన్యముగా శుక్రవారమున కూడును. పునరుత్థాన ఆదివారమున తెల్లవారుజామునే ఆరాధన జరిగినను, యజమాని గడప దాటలేని ఆమెకు అది అందదు. ఆ ఉదయమున స్వగ్రామములో తల్లి సమాధుల తోటలో కొవ్వొత్తులు వెలిగించి, పాటలు పాడి, ఇంటికి వచ్చి కూర్చున్న వేళ కుమార్తెయొద్దనుండి ఫోను వచ్చును.

"పండుగ చేసుకున్నావా, అమ్మా?" అని తల్లి అడుగును.

"ఈ రోజు వీలు కాలేదమ్మా. వచ్చే శుక్రవారం బయటికి పంపుతామన్నారు, అప్పుడు చేసుకుంటాను."

"సరే తల్లీ. ఆ రోజు ఎన్ని గంటలకో చెప్పు. ఇక్కడ మేమూ మళ్లీ పాడతాం."